నేతగాండ్ర వ్యథకు రూపకర్త్రి: కేటె కోల్విట్జ్

ఆదోని, ఎమ్మిగనూరు పట్టణముల నడుమ దూరము సుమారు 30 కిలోమీటర్లు. మొదటిది ప్రత్తికిని, రెండవది వస్త్రమునకును ప్రసిద్ధిగాంచినవి. నల్లరేగడి భూములలో పండిన ప్రత్తి ఆదోని విపణికి చేరును. నూలు ఎమ్మిగనూరు మగ్గములపై పడుగై, పేకయై, వస్త్రమై వెలువడును. 1953 అక్టోబరు 1వ తేదీ వరకు ఈ రెండు పట్టణములును బళ్ళారి మండలమునకు చెందియుండి, ఆంధ్రరాష్ట్రావతరణముతో కర్నూలు మండలమున చేరినవి. ఈ ప్రాంతపు చరిత్రమును వ్రాయబూనినవారు ఆదోని దుర్గమును గూర్చియు, సిద్ది మసూదుఖానుని గూర్చియు, 1800లో ఈ సీమ ఆంగ్లేయులకు దత్తమగుటను గూర్చియు విపులముగా వ్రాసియున్నారు. మగ్గపు గుంటలో కూర్చుండి జీవితమును గడపిన మనుష్యుని గూర్చి వ్రాసినది స్వల్పము. కలెక్టరుల నివేదికలలో మగ్గముల సంఖ్య కలదు. మగ్గమునొద్ద నున్న తల్లి ముఖము లేదు.

ఆ ముఖమును చిత్రించిన ఒక జర్మను చిత్రకారిణి జీవితమును ఈ వ్యాసమున పరిశీలింప నుద్దేశించితిమి. తెలుగు శాఖ వారి సంచికలో జర్మను చిత్రకారిణి ప్రసక్తి యేల యని కొందరు ప్రశ్నింపవచ్చును. ఆమె చిత్రించిన నేతగాండ్రు సైలీషియా సీమవారే యైనను, వారి దుర్గతికి హేతువైన శక్తియే మన సీమ నేతగాండ్ర దుర్గతికిని హేతువైనది. ఇదియొకటి. కళ రాజ్యాధికారమునకు ఎదురు నిలుచుటకు రెండు మార్గములు కలవు: అధిక్షేపము, కరుణ. వీనిలో ఏది బలవత్తరమను ప్రశ్న అధిక్షేప శతకములను చదువుకొనిన తెలుగువారికి క్రొత్తది కాదు. ఇది రెండవది. ఈ రెండు కారణములచేత కేటె కోల్విట్జ్ చరిత్రము మనకు పఠనీయమని మేము భావించుచున్నాము.

1. సైలీషియా నేతగాండ్రు

మొదట ఆమె చిత్రములకు వస్తువైన చారిత్రకఘటనను తెలిసికొనవలెను. ప్రష్యా రాజ్యములోని సైలీషియా కొండపల్లెలలో పందొమ్మిదవ శతాబ్ది పూర్వార్ధమున వేలకొలది కుటుంబములు ఇంటి మగ్గములపై నారబట్టను, నూలుబట్టను నేయుచుండెడివి. వర్తకుడు నూలిచ్చును, నేతగాడు బట్ట నేసి తెచ్చును, వర్తకుడు దోషములెంచి, మజూరీ తగ్గించి, చిల్లర చేతబెట్టును. మన ప్రాంతమున సావుకారునకును నేతగానికిని గల సంబంధమెట్టిదో అదియు అట్టిదే. ఇంగ్లండు యంత్రములనుండి వచ్చిన చౌకనూలు, చౌకబట్ట విపణిని ముంచివేయగా వర్తకులు ఆ నష్టమును మజూరీ తగ్గించి నేతగాని నెత్తిన వేసిరి. ఇది చాలదన్నట్లు కొన్ని గ్రామములలో నేతగాండ్రు భూస్వామికి నేతపన్నును గూడ చెల్లింపవలసియుండెను. మన దత్తమండలములలో మగ్గముపై విధింపబడిన మొతర్ఫా పన్ను పందొమ్మిదవ శతాబ్ది మధ్యభాగము దాటిన పిమ్మట గాని తొలగలేదను సంగతి ఇచట స్మరణీయము.

1844 జూన్ నెల ప్రథమవారమున పీటర్స్‌వాల్డౌ గ్రామమున ట్స్వాన్‌ట్సిగర్ అను వర్తకుల భవనము ముందు నేతగాండ్రు తమ పాట పాడుచు చేరిరి. పాడినవారిలో నొకడు నిర్బంధింపబడెను. మరునాడు జనసమూహము ఆ భవనమును ధ్వంసము చేసెను. లాంగెన్‌బీలౌ గ్రామమున సైన్యము కాల్పులు జరుపగా పదునొకండుగురు మరణించిరి. అనేకులు కారాగారమునకును, కొరడాదెబ్బలకును గురియైరి. తిరుగుబాటు మూడు నాలుగు దినములలో ముగిసెను. అయినను దాని ప్రతిధ్వని దీర్ఘకాలము నిలిచెను. మహాకవి హైన్ ఆ సంవత్సరమే దానిపై కవిత రచించెను. సుమారు అర్ధశతాబ్ది పిమ్మట గెర్హార్ట్ హౌప్ట్‌మన్ ‘నేతగాండ్రు’ అను నాటకము రచించెను. ఆయన పితామహుడు స్వయముగా మగ్గమునొద్ద కూర్చుండినవాడు.

పోలీసులు ఆ నాటకప్రదర్శనమును నిషేధించిరి. 1893 ఫిబ్రవరిలో ఒక నాటకసమాజము సభ్యులకు మాత్రమే పరిమితముగా బెర్లినులో దానిని ప్రదర్శించెను. తరువాత న్యాయస్థానము నిషేధమును తొలగించెను. ఆ తీర్పునకు చెప్పిన కారణము చిత్రమైనది: ఆ నాటకశాలలో టిక్కెట్ల వెల అధికము గావున కార్మికులు అచటికి రాజాలరు, అందుచేత శాంతిభంగమునకు అవకాశము స్వల్పమట! వెల హెచ్చైనచో సత్యము నిరపాయకరమని న్యాయాధిపతులు తలచిరన్నమాట. అట్లైనను చక్రవర్తి రెండవ విల్‌హెల్ము కోపించి ఆ నాటకశాలలోని తన ఆసనములను రద్దు చేసికొనెను. 1893 నాటి సభ్యప్రదర్శనమును చూచినవారిలో ఇరువదియైదేండ్ల యువతి యొకతె యుండెను. ఆమెయే కేటె కోల్విట్జ్.

2. జననము, విద్య, వివాహము

కేటె 1867 జూలై 8వ తేదీన తూర్పు ప్రష్యాలోని కోనిగ్స్‌బర్గ్ నగరమున జన్మించెను. తండ్రి కార్ల్ ష్మిట్ న్యాయశాస్త్రము చదివినవాడు. తన రాజకీయాభిప్రాయములతో ప్రష్యా ప్రభుత్వోద్యోగము పొసగదని గ్రహించి తాపీపని నేర్చి, గృహనిర్మాణ వృత్తియందు ప్రవేశించెను. మాతామహుడు యూలియస్ రుప్ రాజ్యాధీనమైన మతసంస్థను వీడి స్వతంత్రమతసంఘమును స్థాపించిన బోధకుడు. కావున అధికారమునకు తలవంచని స్వభావము ఆమెకు ఉభయవంశములనుండియు సంక్రమించినదనవచ్చును.

ఆ కాలమున జర్మనీలోని ప్రభుత్వ కళాపరిషత్తులలో స్త్రీలకు ప్రవేశము లేదు. తండ్రి ఆమెను స్థానికుడైన యొక లోహఫలకకారునొద్దను, తరువాత బెర్లిను, మ్యూనికు నగరములలోని స్త్రీల చిత్రకళాశాలలయందును చదివించెను. మాక్స్ క్లింగర్ అను శిల్పి రచించిన గ్రంథమొకటి ఆమెకు మార్గము చూపెను. వర్ణచిత్రము లోకసౌందర్యమును కీర్తించుటకు తగినది. జీవితములోని చీకటిని చెప్పుటకు నలుపు తెలుపుల రేఖయే తగినది యని క్లింగర్ సిద్ధాంతము. కేటె రంగులను విడిచి రేఖను చేపట్టెను. రాగిరేకుపై ఆమ్లముతో చేయు ఎచింగు, రాతి అచ్చు, తరువాతి కాలమున కొయ్య అచ్చు, ఈ మూడును ఆమె సాధనములైనవి. ఆమె జీవితకాలమున నిర్మించిన ముద్రాచిత్రములు సుమారు 275. వర్ణచిత్రము ఒక్కటే యుండి ఒక్క ధనికుని గోడకు చేరును. అచ్చుబొమ్మ అనేక ప్రతులుగా అనేక గృహములకు చేరును. ఎవరికొరకు చిత్రింపవలెనో నిశ్చయించుకొనినవారికి ఏ సాధనము కావలెనో కూడ నిశ్చితమగును.

1891లో ఆమె కార్ల్ కోల్విట్జ్ అను వైద్యుని వివాహమాడెను. ఆయన బెర్లిను ఉత్తరభాగమున కార్మికవాడలో రోగభృతినిధి వైద్యుడుగా కుదిరెను. దంపతులు అర్ధశతాబ్దికి పైగా అదే వాడలో నివసించిరి. పనిలేని కూలివాని భార్య, తాగుబోతు చేతి దెబ్బలు తిన్న స్త్రీ, క్షయరోగి, బిడ్డను కోల్పోయిన తల్లి, వీరు వైద్యుని గదికి వచ్చి, ఆ పిమ్మట చిత్రకారిణితో తమ కథ చెప్పుకొనెడివారు. మొదట తాను కార్మికులను చిత్రించినది జాలివలన గాదనియు, వారియందు తనకు సౌందర్యము గోచరించుటవలననే యనియు ఆమె నిస్సంకోచముగా చెప్పుకొనినది. వారి బాధలతో పరిచయము పెరిగిన పిమ్మటనే వారిపక్షమున మాటలాడు బాధ్యత తనపై పడినట్లు ఆమె భావించెను. ఈ క్రమము గమనింపదగినది. ముందు సౌందర్యము, వెనుక కరుణ; అందుచేతనే ఆమె చిత్రములలోని పేదవారు దీనులే గాని హీనులు కారు.

3. ‘నేతగాండ్ర తిరుగుబాటు’

హౌప్ట్‌మన్ నాటకమును చూచిన పిమ్మట ఆమె తాను ఆరంభించియున్న పనిని ఆపి, 1893 నుండి 1897 వరకు ఆరు చిత్రముల మాలిక నొకదానిని నిర్మించెను. మొదటి మూడును రాతి అచ్చులు. తరువాతి మూడును ఎచింగులు.

మొదటి చిత్రము ‘లేమి’. ఇరుకుగది, శయ్యపై కృశించిన శిశువు, తల్లి రెండు చేతులతో తలపట్టుకొని వంగియున్నది, వెనుక మగ్గము. రెండవది ‘మృత్యువు’. చిన్న దీపపు వెలుతురులో అస్థిపంజరము చేయిచాచి తల్లిని తాకుచున్నది. మూడవది ‘ఆలోచన’. చీకటిలో బల్లచుట్టును చేరిన పురుషులు. నాల్గవది ‘ఊరేగింపు’. గొడ్డళ్ళు పూని నడచుచున్న నేతగాండ్రు. వారిలో బిడ్డను వీపున మోయుచున్న యొక తల్లి. బిడ్డ నిద్రించుచున్నది. ఐదవది ‘ద్వారముపై దాడి’. వర్తకుని భవనపు నగిషీగేటు ముందు స్త్రీలు నేలనుండి రాళ్ళు పెకలించుచున్నారు. ఆరవది ‘అంతము’. మరల అదే గది, అదే మగ్గము, నేలపై శవములు, ఇంకొక శవమును లోనికి మోసికొని వచ్చుచున్నారు.

ఈ మాలికలో రెండు విశేషములు కలవు. మాలిక మగ్గమునొద్ద మొదలై మగ్గమునొద్దనే ముగియును. నేతగానికి ఇల్లును పనిచోటును ఒకటే. మగ్గము ప్రక్కనే వంట, మగ్గము ప్రక్కనే ప్రసవము, మగ్గము ప్రక్కనే మరణము. ఎమ్మిగనూరు వీధులలో గుంటమగ్గమున్న ఇంటిలో అడుగిడినవారికి ఈ గది పరిచితమే. ఇది మొదటి విశేషము. ఇక రెండవది: ఈ మాలికలో సావుకారు ఎచటను కానరాడు. అతని గేటు మాత్రమే కానవచ్చును. శత్రువు ముఖమును చిత్రింపకుండుట ఆమె పద్ధతి. ఈ పద్ధతిలోని బలమును, బలహీనతను ముందు చర్చింతుము.

1898లో బెర్లిను మహాప్రదర్శనమున ఈ మాలిక ప్రదర్శింపబడెను. వృద్ధుడును, సుప్రసిద్ధుడును అగు అడోల్ఫ్ మెంట్సెల్ సభ్యుడుగా నున్న నిర్ణేతల సంఘము ఆమెకు స్వర్ణపతకమునకై సిఫారసు చేసెను. చక్రవర్తి నిరాకరించెను. మరుసటి సంవత్సరము డ్రెస్డెన్ నగరమున ఆమెకు పతకము లభించెను. అచటి ప్రభుత్వ సంగ్రహాలయము ఆమె చిత్రములను కొనెను. 1901లో చక్రవర్తి నవ్యకళను మురికికాలువ కళగా నిందించుచు ప్రసంగించెను. మురికికాలువ ప్రక్కన నివసించువారిని గూర్చి మాత్రము ఆ ప్రసంగమున ప్రస్తావన లేదు.

4. మన సీమ: 1876 – 78

సైలీషియాను విడిచి ఒక్కింత మన సీమకు రావలెను. మద్రాసు నుండి రాయచూరు వరకు పోవు రైలుమార్గము ఆదోని మీదుగా 1871 నాటికి పూర్తియైనది. అంతకుముందు అమెరికా అంతర్యుద్ధకాలమున, 1861 మొదలు 1865 వరకు, బళ్ళారి సీమ ప్రత్తికి లంకషైరులో అపూర్వమగు గిరాకి కలిగెను. రైలు వచ్చినంతనే ప్రత్తి వెలుపలికి పోవుట సులభమైనట్లే, లంకషైరు మిల్లుబట్ట లోనికి వచ్చుటయు సులభమయ్యెను. సైలీషియాను కూలద్రోసిన యంత్రమే ఇచటను తన పని చేసెను. తొగటలు, కురుణులు, పద్మసాలీలు మొదలగు నేతకులముల వారు నానాట కృశించిరి.

అట్టి స్థితిలో 1876 – 78 నాటి మహాక్షామము సంభవించెను. బళ్ళారి, కర్నూలు, కడప మండలములు దానికి ప్రధానముగా గురియైనవి. 1871, 1881 జనాభా లెక్కలను పోల్చినచో కర్నూలు మండలమున సుమారు నాల్గవవంతు, బళ్ళారి మండలమున సుమారు అయిదవవంతు జనము తగ్గినట్లు తెలియుచున్నది. క్షామమున రైతు ధాన్యమును కోల్పోవును. నేతగాడు ధాన్యమునే గాక గిరాకిని గూడ కోల్పోవును. తిండికి లేనివాడు బట్ట కొనడు గదా! అందుచేత కరవున మొదట నిలిచిపోవునది మగ్గము. నేతగాని వ్రేళ్ళు రాళ్ళుకొట్టు పనికి చెడిపోవునని గుర్తించి, ఆ తరువాతి కాలపు క్షామనిబంధనలలో వారికి నూలిచ్చి బట్టకొనెడి ప్రత్యేక సహాయమునకు చోటు కల్పింపబడినది. కాని 1877లో సర్ రిచర్డు టెంపుల్ కూలికి దినమునకు ఒక పౌను ధాన్యము, దానిపై స్వల్పముగా పైకము చాలునని నిర్ణయించెను. మద్రాసు ఆరోగ్యాధికారి డాక్టరు కార్నిష్ దానిని తీవ్రముగా ఖండించెను.

ఆ క్షామమునకు చిత్రములు కలవు. డబ్ల్యు. డబ్ల్యు. హూపర్ అను సైనికోద్యోగి ఛాయాచిత్రములు తీసెను. అస్థిపంజరప్రాయులైన స్త్రీపురుషులను, శిశువులను వరుసగా కూర్చుండబెట్టి తీసిన ఆ ఛాయాచిత్రములు నేటికిని గ్రంథములలో ప్రకటితమగుచున్నవి. వానిని చూచి హృదయము ద్రవింపనివారుండరు. కాని వానికిని కోల్విట్జ్ చిత్రములకును గల భేదము గుర్తింపవలెను. హూపరు కెమెరా యెదుటనున్నవారు చూడబడుటకై కూర్చుండబెట్టబడినవారు. వారికి ఇల్లు లేదు, పని లేదు, పేరు లేదు, కోపము లేదు. కోల్విట్జ్ ‘లేమి’లోని తల్లికి ఇల్లు కలదు, మగ్గము కలదు, రేపు ఊరేగింపులో చేరు కాళ్ళు కలవు. ఒకచో క్షామము ప్రకృతివైపరీత్యముగా తోచును. ఇంకొకచో అది మనుష్యకృతమని తెలియును. కళకు చరిత్రలో గల ప్రయోజనము ఈ భేదముననే యున్నదని మా అభిప్రాయము.

5. అధిక్షేపము, కరుణ

1906లో బెర్లినులో ఇంటిపని కార్మికుల దుస్స్థితిని తెలుపు ప్రదర్శనము నొకదానిని ఏర్పాటు చేసిరి. ఇంటికి పని తెచ్చుకొని రేయింబవళ్ళు కుట్టుచు, నేయుచు నుండువారి స్థితియది. దానికి కోల్విట్జ్ ప్రకటన చిత్రము వేసెను: అలసటతో కన్నులు వాడిన ఒక కార్మికస్త్రీ ముఖము మాత్రమే. ఆ బొమ్మ గోడలపై నున్నంతవరకు తాను ప్రదర్శనమునకు రానని చక్రవర్తిని పట్టుబట్టెను. 1912లో బెర్లిను పేదల గృహసమస్యపై ఆమె వేసిన మరియొక ప్రకటన చిత్రమును వర్గద్వేషమును రెచ్చగొట్టునదని నిషేధించిరి.

ఈ నడుమ మ్యూనికు నగరమునుండి వెలువడు ‘సింప్లిసిసిముస్’ అను వ్యంగ్యపత్రిక ఆమెను ఆహ్వానించెను. 1896లో స్థాపితమైన ఆ పత్రిక రాజును, సైనికాధికారిని, మతాచార్యుని, ధనికుని నిర్భయముగా వెక్కిరించెడిది. 1898లో చక్రవర్తి తీర్థయాత్రను ఎగతాళి చేసినందులకు చిత్రకారుడు టోమస్ టేయొడోర్ హైనె ఆరు మాసములు కోటలో బంధింపబడెను. ప్రకాశకుడు ఆల్బర్ట్ లాంగెన్ విదేశమునకు పారిపోయెను. అట్టి పత్రికలో కోల్విట్జ్ 1911 వరకు పదునాలుగు చిత్రములు ప్రకటించెను. నవ్వించు పుటల నడుమ నవ్వులేని పుట యామెది. ఇంటిపని, నిరుద్యోగము, గర్భిణి వైద్యుని తలుపు తట్టుట, నీటిలోనికి నడచు తల్లి, ఇట్టివి వస్తువులు. వ్యంగ్యపత్రికలో కరుణరసమునకు చోటేమని శంక కలుగవచ్చును. కాని వెక్కిరింపబడిన ధనికుని ప్రక్కపుటలోనే అతని ధనమునకు మూలమైన తల్లిని చూపుట కంటె తీక్ష్ణమగు వ్యంగ్యమేమి గలదు?

ఆమెకంటె వయసున చిన్నవాడగు జార్జ్ గ్రోస్ (1893 – 1959) మార్గము వేరు. ఆయన శత్రువు ముఖమునే చిత్రించెను: మెడపై ముడుతలు పడిన సేనాపతి, చుట్ట కాల్చు యంత్రాధిపతి, తలలో పేడ నిండిన రాజకీయవేత్త. సైన్యమును అవమానించెనని 1921లో ఆయనకు జరిమానా విధించిరి; తరువాత అశ్లీలమనియు, దైవదూషణమనియు అభియోగములు మోపిరి. 1933 జనవరిలో, హిట్లరు అధికారమునకు వచ్చుటకు కొలది దినముల ముందు, ఆయన అమెరికాకు తరలిపోయెను. జాన్ హార్ట్‌ఫీల్డ్ (1891 – 1968) ఛాయాచిత్రములను కత్తిరించి అతికి హిట్లరును వెక్కిరించు చిత్రములను కూర్చి, ప్రవాసమునకు పోయెను.

మన అలంకారశాస్త్ర పరిభాషలో చెప్పవలెనన్నచో గ్రోస్ హాస్యబీభత్సములను, కోల్విట్జ్ కరుణను అంగిరసములుగా గ్రహించిరి. భవభూతి కరుణయొక్కటే రసమనియు, తక్కినవి దాని వివర్తములనియు భావించెను. మన తెలుగున కాసుల పురుషోత్తమకవి ‘ఆంధ్రనాయక శతకము’న నిందాస్తుతిని, గోగులపాటి కూర్మనాథకవి ‘సింహాద్రి నారసింహ శతకము’న ఎత్తిపొడుపును ఆయుధములుగా చేసికొనిరి. అధిక్షేపమునకు గుణమేమనగా, దానిని శత్రువు తనదిగా చేసికొనజాలడు. తన ముఖమున మసిపూసిన చిత్రమును తన గోడకు ఎవడు తగిలించుకొనును? కరుణకు ఆ రక్ష లేదు. ఏడ్చు బిడ్డను ఏ పక్షమువారైనను తమ జెండాకు కట్టుకొనవచ్చును. ఇది కోల్విట్జ్ విషయమున నిజముగనే జరిగెను. 1924లో ఆమె ‘రొట్టె’ అను పేర రాతి అచ్చు వేసెను. ఆకలితో తల్లి కొంగు లాగుచున్న ఇరువురు పిల్లలు. వీపు మాత్రమే కానవచ్చు తల్లి. తరువాత నాజీలు ఆమెను బహిష్కరించి, అదే చిత్రమును ఆమె పేరు తొలగించి తమ ప్రచారమునకు వాడుకొనిరి!

ఇందువలన కరుణ దుర్బలమని నిర్ణయింపరాదు. తస్కరుడు దేనిని తస్కరించునో అదియే విలువగలది. గ్రోస్ చిత్రములలోని సేనాపతులు కాలముతో గతించిరి; వారెవరో తెలిసికొనుటకు నేడు వ్యాఖ్యానము కావలెను. ‘రొట్టె’కు వ్యాఖ్యానము అక్కరలేదు. అధిక్షేపము తన కాలమున పదునుగా కోయును. కరుణ కాలమును దాటి నిలుచును. ఒకటి లేక ఇంకొకటి అసంపూర్ణము.

6. పుత్రశోకము, యుద్ధవిరోధము

1914 ఆగస్టులో ప్రపంచసంగ్రామము మొదలు కాగా ఆమె కనిష్ఠపుత్రుడు పీటర్ స్వచ్ఛందముగా సైన్యమున చేరదలచెను. అతనికి పదునెనిమిదేండ్లు, చేరుటకు తండ్రి అనుమతి ఆవశ్యకము. తండ్రి నిరాకరించెను. కేటె భర్తకు నచ్చజెప్పి అనుమతి నిప్పించెను. ఆ అక్టోబరులోనే పీటర్ బెల్జియమున హతుడయ్యెను. తన మాటయే కుమారుని మృత్యుముఖమునకు పంపినదను వేదన ఆమెను జీవితాంతము విడువలేదు. కుమారునికి స్మారకశిల్పము నిర్మింపబూని, ఆరంభించి, ధ్వంసము చేసి, మరల ఆరంభించి, తుదకు 1932లో బెల్జియములోని సైనికశ్మశానమున ప్రతిష్ఠించెను. మోకరిల్లిన తండ్రి, మోకరిల్లిన తల్లి. కుమారుని రూపము అందులో లేదు. పదునెనిమిదేండ్ల పరిశ్రమ ఫలితము ఈ లోపమే.

1918 అక్టోబరులో ఓటమి సమీపించగా కవి రిచర్డ్ డేమెల్ మిగిలిన పురుషులందరును తుదిపోరునకు కదలవలెనని పిలుపునిచ్చెను. కోల్విట్జ్ ‘ఫోర్వెర్ట్స్’ పత్రికలో బహిరంగలేఖ వ్రాసి, విత్తనపు గింజలను తిరగలిలో వేయరాదను భావమును గేటె నుండి గ్రహించి ఆయనను ఎదిరించెను. రాయలసీమ రైతునకు ఈ మాట బోధపరుప నక్కరలేదు. కరవునాడు విత్తనమును వండుకొనుట యనగా మరుసటి సంవత్సరమును చంపుకొనుటయే.

1919లో ఆమె ప్రష్యా కళాపరిషత్తునకు ఎన్నికయ్యెను. ఆ గౌరవము పొందిన ప్రథమస్త్రీ యామె. ఆ సంవత్సరారంభమున విప్లవనాయకుడు కార్ల్ లీబ్‌క్నెఖ్ట్ హత్యకు గురియయ్యెను. కుటుంబము కోరికపై ఆమె మృతుని చిత్రించి, 1920లో కొయ్య అచ్చుగా వెలువరించెను. అందు శవముపై వంగిన కార్మికుల ముఖములే ప్రధానములు. ఆమె ఆ నాయకుని పక్షమునకు చెందినది కాదు. అందుచేత ఆ పక్షమువారును, వైరిపక్షమువారును ఆమెను ఆక్షేపించిరి. ఒక నాయకుని సిద్ధాంతమును అంగీకరింపకయే అతనికై జనులు కార్చిన కన్నీటిని చిత్రించు హక్కు కళాకారునకు గలదని ఆమె వాదము. మా దృష్టిలో ఇది ఆమె జీవితములోని అత్యంత ముఖ్యమగు ఘట్టము. రాజకీయములందు ప్రవేశించిన కళాకారుడు పక్షమునకు లోబడవలెనా, జనమునకు లోబడవలెనా యను ప్రశ్నకు ఆమె యిచ్చిన సమాధానమిది.

ఆ తరువాత ‘యుద్ధము’ అను ఏడు కొయ్య అచ్చుల మాలికయు, 1924లో ‘ఇక యుద్ధము వలదు’ అను ప్రకటన చిత్రమును వెలువడెను. ‘యుద్ధము’ మాలికలో యుద్ధభూమి లేదు. ప్రధానముగా తల్లులు, తండ్రులు, వితంతువులు గలరు.

7. అంధకారము, అంతము

1933 ఆరంభమున నాజీలను ఎదుర్కొనుటకు వామపక్షములు ఏకము కావలెనను విజ్ఞప్తిపై ఆమె, రచయిత హైన్‌రిఖ్ మన్ మున్నగువారు సంతకము చేసిరి. దాని ఫలితముగా ఫిబ్రవరిలో ఆమె కళాపరిషత్తును వీడవలసివచ్చెను; ముద్రాకళాచార్యపదవి పోయెను. ఆమె చిత్రములు ప్రదర్శనములనుండి తొలగింపబడెను. 1936లో సోవియటు పత్రిక ‘ఇజ్వెస్తియా’ ప్రతినిధికిచ్చిన సంభాషణ కారణముగా రహస్యపోలీసులు ఆమెను ప్రశ్నించి, నిర్బంధశిబిరమునకు పంపుదుమని బెదరించిరి. అట్టి సమయము వచ్చినచో విషముతో ప్రాణములు విడువవలెనని వృద్ధదంపతులు నిశ్చయించుకొనిరి. అయినను దేశము విడువలేదు. 1940లో భర్త మరణించెను. 1942లో మనుమడు, పీటర్ అనియే పేరుగలవాడు, రష్యా రణరంగమున హతుడయ్యెను. ఆ యేడే ఆమె తన తుది రాతి అచ్చును వేసెను; దాని పేరు ‘విత్తనపు గింజలను విసరరాదు’. ఒక వృద్ధ తన రెండు చేతుల క్రింద ముగ్గురు బాలురను రెక్కలక్రింద పిల్లలవలె దాచుచున్నది. 1918లో మాటగా పలికినది 1942లో రూపము దాల్చెను. 1943 నవంబరులో బెర్లినులోని ఆమె గృహము బాంబులకు కూలిపోయెను. 1945 ఏప్రిల్ 22వ తేదీన, యుద్ధము ముగియుటకు పక్షము దినముల ముందు, మోరిట్స్‌బుర్గ్ గ్రామమున ఆమె కన్ను మూసెను.

8. తూర్పుదేశములలో

ఆమె చిత్రములు స్వదేశమున మరుగుపడిన కాలముననే ఆసియాలో ప్రచారము పొందెను. 1931లో తన యువమిత్రుడగు రచయిత రౌషి మరణదండనకు గురికాగా చైనా రచయిత లూషున్ కోల్విట్జ్ ‘బలి’ అను చిత్రమును పత్రికలో ప్రకటించి మౌననివాళి యర్పించెను. 1936లో ఆమె చిత్రసంపుటమును వెలువరించెను. చైనా యువకుల కొయ్య అచ్చు ఉద్యమమునకు అది ఒరవడి యయ్యెను. ఆ ప్రభావము వంగదేశమునకు వచ్చెను. 1943 నాటి వంగక్షామమును చిత్రించిన చిత్తప్రసాద్ (1915 – 1978), సోమనాథ్ హోర్ (1921 – 2006) ఆ పరంపరలోనివారు. చిత్తప్రసాద్ ‘హంగ్రీ బెంగాల్’ పుస్తకపు ప్రతులను ప్రభుత్వము వశపరచుకొని నాశనము చేసెను. తెలంగాణ రైతుపోరాటమును గూడ ఆయన చిత్రించెను. తెలుగున తలిశెట్టి రామారావు (1906 – 1947) పత్రికలలో వ్యంగ్యచిత్రమునకు పాదుకొల్పగా, మోహన్ (1950 – 2017) దానిని ప్రజోద్యమముల గోడలకు చేర్చెను. అధిక్షేపమున మనకు కొరతలేదు.

ఎమ్మిగనూరులో 1938లో మాచాని సోమప్ప నేతపనివారల సహకార ఉత్పత్తి విక్రయ సంఘమును స్థాపించెను. నూలు సంఘమిచ్చును, బట్ట సంఘము కొనును. సావుకారు గేటు నడుమ నుండదు. సైలీషియా నేతగాండ్రు రాళ్ళతో భేదింపజూచిన గేటును ఇచట సభ్యత్వపు రుసుముతో దాటజూచిరి. ఆ ప్రయత్నము ఎంతవరకు ఫలించెనో నిర్ణయించుట ఆర్థికచరిత్రకారుల పని. కాని 1844 నాటి ‘అంతము’ తరువాత ఏడవ చిత్రము నొకదానిని వేయవలసియున్నచో దానికి వస్తువు ఎమ్మిగనూరున లభించునని మేము తలంతుము.

కోల్విట్జ్ చరిత్రము మనకు బోధించునది చరిత్రరచనకు సంబంధించిన పాఠము గూడ. పన్నుల లెక్కలవలన మగ్గములెన్నియో తెలియును. క్షామనివేదికలవలన మృతులెందరో తెలియును. ఆ మగ్గము ప్రక్కన శయ్యపై ఎవరున్నారో, వంగి చూచుచున్న దెవరో తెలిసికొనుటకు నేతపాటలు, వీధిసామెతలు, వృద్ధుల జ్ఞాపకములు శోధింపవలెను. ఆదోని, ఎమ్మిగనూరు ప్రాంతముల తెలుగు, కన్నడ, ఉర్దూ భాషలలో ఆ సామగ్రి నేటికిని వినబడుచున్నది. దానిని సేకరించుటయే ఈ ప్రాంతపు పరిశోధకుల ప్రథమకర్తవ్యము. ఆ వృద్ధుల జ్ఞాపకములు రాబోవు చరిత్రమునకు విత్తనపు గింజలు. వానిని కాలపు తిరగలికి విడిచిపెట్టరాదు.